టోక్యోలో 'తమరు'ల పేట

సినిమా పత్రికల్లో ఎప్పుడూ తెర మీదివాళ్ళ ముచ్చట్లేనా? హీరోగారి కొత్త కారు, హీరోయిన్‌గారి అలక, దర్శకుడిగారి రాబోయే బొమ్మ... ఈ వారం తెర ముందు కూర్చునేవాళ్ళ గురించి రాస్తాను. అలాగని మన బెజవాడ, రాజమండ్రి అభిమానుల గురించి కాదు. జపాన్ రాజధాని టోక్యోలో యానిమే చిత్రాలనీ, మాంగా పుస్తకాలనీ, వాటిలోని బొమ్మ హీరోలనీ ప్రాణంతో సమానంగా చూసుకునేవాళ్ళున్నారు. వాళ్ళనే 'ఒటాకు'లంటారు.

ఆ పేరు మీకు కొత్త కాదని నాకు తెలుసు లెండి. 2025 సెప్టెంబరులో 'డీమన్ స్లేయర్ - ఇన్ఫినిటీ కాజిల్' తెలుగు మాటలతో మన హాళ్ళకి వచ్చినప్పుడు మొదటి ఆట టిక్కెట్ల కోసం ఎగబడింది మీరే కదా! సినిమా మీరు చూశారు. ఆ సినిమాల వెనకున్న అభిమానం ఏ వీధుల్లో తిరుగుతుందో చూసొద్దామని నేను బయల్దేరాను.

ఒక రోజు, ఒక గైడు

టూరిస్టు బస్సెక్కి పాతికమందితో పాటు జెండా వెనకాల పరిగెత్తడం నాకు గిట్టదు. అందుకని ఒక్క రోజుకి, నాకొక్కడికే, ఒక గైడుగారిని మాట్లాడుకున్నాను. జపాన్‌లో పరాయి దేశస్థులకి వాళ్ళ భాషలో ఊరు చూపించి డబ్బు పుచ్చుకోవాలంటే ఒకప్పుడు సర్కారు పరీక్ష ప్యాసై లైసెన్సు తెచ్చుకోవాల్సిందే. 2018 జనవరి నుంచి ఆ నిబంధన సడలించారు. మా గైడుగారు ఆ తర్వాత ఈ పనిలోకి దిగినవారే.

మనిషికి యాభై ఏడేళ్ళుంటాయి. బూడిదరంగు కోటు, భుజాన నల్లసంచి. చూస్తే బ్యాంకు గుమాస్తాలా ఉన్నారు. ఇంగ్లీషు నెమ్మదిగా, తూచినట్టు మాట్లాడతారు. మన 'గారు' లాగా వాళ్ళకి 'సాన్' అని ఉంది కదా, పేరు చివర అది తగిలించకుండా ఎవరినీ పిలవరు. "మీ పత్రికలో నా పేరు మాత్రం వద్దు" అన్నారు ముందే. ఎందుకని అడిగాను.

"ఇరవై ఆరేళ్ళు ఒక ఆఫీసులో పనిచేశాను. నేను ఒటాకునని అక్కడ ఎవరికీ తెలియదు. ఇప్పుడు తెలిస్తే, ఇన్నాళ్ళూ దాచినందుకు నొచ్చుకుంటారు" అని నవ్వేశారు.

చెప్పొద్దూ, ఆ నవ్వు చూశాకే ఈ మనిషి వెనక ఏదో కథ ఉందనిపించింది.

మర్యాద కాస్తా తిట్టయింది

'తాకు' అంటే ఇల్లు. దాని ముందు గౌరవానికి 'ఒ' చేరిస్తే 'ఒటాకు', అంటే 'మీ ఇల్లు'. అదే మాటని ఎదుటి మనిషిని మర్యాదగా పిలవడానికీ వాడతారు. "మీ భాషలో ఇలాంటి మాట ఉందా?" అని గైడుగారడిగారు. "లేకేం! 'తమరు' అంటాం" అన్నాను. ఆయన వెంటనే చిన్న నోటుపుస్తకం తీసి రాసుకున్నారు.

సంగతేమిటంటే, బొమ్మల కథల పిచ్చి ఉన్న కుర్రాళ్ళు ఒకరినొకరు కలుసుకున్నప్పుడు, స్నేహం ముదరక ముందే 'నువ్వు' అనలేక, "తమరు ఆ పుస్తకం చదివారా? తమరి దగ్గర ఆ టేపుందా?" అనుకునేవారట. 1983లో నకమోరి అకియో అనే రచయిత ఒక మాంగా పత్రికలో తన కాలమ్‌లో ఈ కుర్రాళ్ళని ఎగతాళి చేస్తూ వాళ్ళకి 'ఒటాకు'లని పేరు పెట్టాడు. అంతే, ఆ పేరు అతుక్కుపోయింది. చూశారా, మాలాంటి కాలమ్ రాసేవాళ్ళ నోరు ఎంత పని చేస్తుందో!

ఎగతాళి దాకా అయితే ఫరవాలేకపోను. 1989లో పసిపిల్లల్ని చంపిన ఒక హంతకుడు పట్టుబడ్డాడు. అతని గదిలో ఐదువేలకు పైగా వీడియో టేపులు దొరికాయి. టేపుల కుప్పల ఫోటో పేపర్లలో పడింది. టీవీలో పదే పదే చూపించారు. దాంతో ఇంట్లో టేపులు, బొమ్మలు దాచుకున్న ప్రతి కుర్రాడినీ జనం అనుమానంగా చూడటం మొదలెట్టారు. మనిషి చేసిన పాపానికి టేపుల మీద నింద పడిందన్నమాట.

రేడియోలమ్మిన వీధి

అకిహబారా పేరు వెనక ఒక గుడి ఉంది. 1869లో అక్కడ పెద్ద అగ్నిప్రమాదం జరిగింది. మళ్ళీ నిప్పంటుకోకుండా ఉండాలని మరుసటేడు ఒక గుడి కట్టారు. నిప్పునుంచి కాపాడే 'అకిబా' దేవుడే ఇక్కడున్నాడని జనం అనుకోవడంతో ఆ ఖాళీ జాగాకి ఆ పేరు వచ్చింది. 1890లో సరుకుల రైళ్ళ కోసం స్టేషన్ వెలిసింది. రెండో ప్రపంచ యుద్ధం అయ్యాక రేడియో వాల్వులూ, తీగలూ అమ్ముకునే చిన్న కొట్లవాళ్ళు రైలు వంతెన కిందికి చేరారు. ఇప్పటికీ అక్కడ చేతులు చాపితే రెండు గోడలూ తగిలేంత ఇరుకు కొట్లున్నాయి. ఒక ముసలాయన స్విచ్చులు మాత్రమే అమ్ముతున్నాడు. వందరకాల స్విచ్చులు!

రేడియోల తర్వాత టీవీలు, ఫ్రిజ్‌లు వచ్చాయి. ఊరి శివార్లలో పెద్ద పెద్ద దుకాణాలు లేచి ఆ బేరాన్ని లాగేసుకుంటే, అకిహబారా కంప్యూటర్ల వైపు తిరిగింది. కంప్యూటర్ల కోసం వచ్చే కుర్రాళ్ళే బొమ్మల సినిమాల అభిమానులు కూడా కావడంతో, 1990ల చివరికి బొమ్మల కొట్లు ఇక్కడికే వలస వచ్చాయి. "సర్కారు ఏ ప్లానూ వెయ్యలేదు. జనం ఇష్టమే ఈ పేటని కట్టింది" అన్నారు గైడుగారు.

స్టేషన్ పక్కనే 'రేడియో కైకాన్' అనే అంతస్తుల భవనం. పాతది పడగొట్టి 2014లో కొత్తగా కట్టారు. పేరుకి రేడియో, లోపలంతా బొమ్మలు, కార్డులు! అక్కడ నాకు గమ్మత్తుగా తోచిందేమిటంటే, అద్దాల అరలు అద్దెకిస్తారు. మీ దగ్గరున్న బొమ్మల్ని ఆ అరలో పెట్టి, మీకు తోచిన ధర చీటీ అంటించి వెళ్ళిపోవచ్చు. అమ్ముడయితే కొట్టువాళ్ళు డబ్బు లెక్కకట్టి ఇస్తారు. ఒక అరలో ఒకే అమ్మాయి పాత్ర బొమ్మలు పదిహేడు లెక్కపెట్టాను. "పెళ్ళయి ఉంటుంది పాపం" అని గొణిగారు గైడుగారు.

వేషం వేషమే, మనిషి మనిషే

మధ్యాహ్నం మెయిడ్ కేఫ్‌కి తీసుకెళ్ళారు. నల్లగౌను, తెల్లటి ఏప్రన్ వేసుకున్న అమ్మాయిలు గుమ్మంలోనే "ఇంటికి స్వాగతం, యజమానీ!" అని పలకరిస్తారు. ఆమ్లెట్టులో చుట్టిన అన్నం తెచ్చి, దాని మీద టమాటా సాసుతో పిల్లిబొమ్మ గీసి, రుచి పెరగడానికి చేతులు గుండెలా పట్టి మంత్రం చదివిస్తారు. మంత్రం మనమూ చదవాలి సుమండీ! నేను చదివాను. అన్నం రుచి మారలేదు గానీ పక్క బల్ల మీది కాలేజీ కుర్రాళ్ళు చప్పట్లు కొట్టారు.

ఇలాంటి కేఫ్ శాశ్వతంగా మొదటిసారి తెరిచింది 2001లో, ఈ అకిహబారాలోనే. బయటివాళ్ళు దీన్ని ఏదేదో అనుకుంటారు. లోపల కూర్చుంటే తెలిసేది వేరు. గంటకింత అని కూర్చున్నందుకు రుసుం, ఏదో ఒకటి తాగాలన్న నిబంధన, గోడ మీద కట్టుబాట్ల పట్టిక. అమ్మాయిలని ముట్టుకోకూడదు. అనుమతి లేకుండా ఫోటో తియ్యకూడదు. అసలు పేరు, డ్యూటీ దిగే వేళ అడగకూడదు.

"అడిగితే?" అన్నాను.

"బయటికి పంపిస్తారు. ఆమె వేసింది వేషం. వేషాన్ని ఎంతైనా మెచ్చుకోండి. వేషం తీసేశాక ఆమె ఇంటికి వెళ్ళే ఉద్యోగి. ఆ గీత తెలియనివాడు మా దృష్టిలో ఒటాకు కాడు, మొరటువాడు."

అభిమాన తార ఇంటి ముందు కాపు కాసే సోదరులు ఈ మాటని రెండోసారి చదువుకోవాలని మనవి.

ఆ పక్క వీధిలోనే ఏకేబీ-48 అనే గాయనీ బృందం థియేటరు. 2005 డిసెంబరు 8న మొదటి ప్రదర్శనకి టిక్కెట్టు కొనుక్కుని వచ్చిన మామూలు ప్రేక్షకులు ఏడుగురు! ఆ తర్వాత ఆ బృందం దేశాన్ని ఊపేసింది. అయితే దాని వ్యాపారం సంగతీ చెప్పుకోవాలి. పాటల సీడీలో ఓటు చీటీ పెట్టేవారు. ఏ అమ్మాయి ముందు నిలబడాలో అభిమానుల ఓట్లే తేల్చేవి. 2009 నుంచి 2018 దాకా ఏటా ఆ ఎన్నికలు జరిగాయి. తమ అమ్మాయి గెలవాలని ఒకే సీడీని పదులు, వందల లెక్కన కొన్నవాళ్ళున్నారు. "పాట వినడానికి ఒక్క సీడీ చాలు. మిగతావి దేనికి? అభిమానాన్ని తూకం వేసి అమ్మడం అక్కడ మొదలైంది" అన్నారు గైడుగారు. ఆయన గొంతులో కోపం విన్నది ఆ రోజంతటికీ అప్పుడే.

ఆదివారం మధ్యాహ్నం పెద్ద వీధిలో కార్లు ఆపేస్తారు. జనం నడిరోడ్డు మీద హాయిగా తిరుగుతారు. 2008 జూన్ 8న అలాంటి ఆదివారమే ఒకడు లారీతో జనం మీదికొచ్చి, కత్తితో పొడిచి ఏడుగురి ప్రాణాలు తీశాడు. 2011 జనవరి దాకా ఆ కార్లులేని ఆదివారాలు ఆగిపోయాయి. ఆ కూడలి దగ్గర గైడుగారు ఒక్క క్షణం ఆగి, తలవంచి, మళ్ళీ నడిచారు. నేనూ ఆగాను.

దేవుడి దగ్గర బొమ్మల మొక్కులు

అక్కడికి పది నిమిషాల నడకలో కాందా మ్యోజిన్ గుడి. మన గుళ్ళలో ముడుపు కట్టినట్టు, వాళ్ళు చిన్న చెక్కపలక మీద కోరిక రాసి వేలాడదీస్తారు. ఇక్కడి పలకల మీద కోరికతో పాటు యానిమే పాత్రల బొమ్మలు, అచ్చం సినిమాలోలాగే, రంగులతో గీసి ఉన్నాయి! 'లవ్ లైవ్' అనే యానిమేలో ఈ గుడి కనిపిస్తుంది. అందుకే అభిమానులు యాత్రకొచ్చినట్టు వస్తారు. గుడివాళ్ళు కాదనలేదు సరికదా, కంప్యూటర్లు చెడిపోకుండా రక్షించే తాయెత్తు కూడా అమ్ముతున్నారు. ఒకటి కొన్నాను. ఇది రాస్తున్నంతసేపూ నా కంప్యూటరు మొరాయించలేదు.

అద్దాల వెనక ఇనపబొమ్మ

పసుపుపచ్చ గీత రైలెక్కి నకానో వెళ్ళాం. అక్కడ 'నకానో బ్రాడ్‌వే' అని 1966లో కట్టిన భవనం. కింద కొట్లు, పైన కాపురాలు. 1980లో ఫురుకావా మసుజో అనే మాజీ మాంగా చిత్రకారుడు ఇందులో పాత మాంగా పుస్తకాలమ్మే ఒక చిన్న కొట్టు పెట్టాడు. దాని పేరు 'మందరాకే'. ఇప్పుడది ఆ భవనంలోనే ఎన్నో గదులకి పాకింది. పాత పుస్తకాలకొక గది, సినిమా పోస్టర్లకొకటి, తగరపు బొమ్మలకొకటి, యానిమే తీసేటప్పుడు పారదర్శకమైన రేకుల మీద చేత్తో వేసిన అసలు బొమ్మలకొకటి.

ఒక అద్దాల బీరువా ముందు గైడుగారు నిలబడిపోయారు. లోపల జానెడు పొడుగు లేని ఇనపబొమ్మ. 'మాజింగర్-జెడ్' అనే రాక్షస యంత్రం. 1974లో పిల్లల కోసం వచ్చిన ఆట వస్తువు.

"ఆరేళ్ళప్పుడు మా నాన్న కొనిచ్చారు. కాలేజీకి వచ్చేదాకా నా బల్ల మీదే ఉండేది. 1989లో ఆ హంతకుడి వార్తలు వచ్చిన వారమే, నేను ఊళ్ళో లేనప్పుడు, నా పుస్తకాలు, టేపులు, ఈ బొమ్మతో సహా అన్నీ చెత్తబండి కెత్తించేశారు. ఇరుగుపొరుగువాళ్ళు చూస్తారని భయం. ఆయన చెడ్డవారు కాదు. భయపడ్డారంతే."

"మరి ఇది కొనకూడదూ?" అన్నాను. ధర చీటీ చూస్తే గుండె గుభేలుమంది, అది వేరే సంగతి.

"ఇది నాది కాదండీ. నాదానికి ఎడమచెయ్యి విరిగితే నాన్నే జిగురుతో అంటించారు. కొంచెం వంకరగా ఉండేది."

ఇంకేం మాట్లాడను? ఇద్దరం కాసేపు అలాగే నిలబడ్డాం.

కిందికి దిగుతుంటే ఆయనే ఒక మాట చెప్పారు. టేపు ఖరీదైన రోజుల్లో టీవీ సంస్థలు పాత కార్యక్రమాలని తుడిచేసి, అదే టేపు మీద కొత్తవి తీసేవి. జపాన్ ప్రజా ప్రసార సంస్థ ఎన్‌హెచ్‌కే ఇప్పుడు, పోయిన కార్యక్రమాలు ఎవరింట్లోనైనా రికార్డయి ఉంటే ఇమ్మని ప్రేక్షకుల్నే అడుగుతోంది. అలా కొన్ని దొరికాయి కూడా. అంటే ఏమన్నమాట? ఒకనాడు ఏ టేపుల కుప్పల్ని చూసి దేశం అసహ్యించుకుందో, అలాంటి టేపుల కోసమే ఈనాడు ఎదురుచూస్తోంది!

ఆడపిల్లల రాజ్యం

ఒటాకులంటే మగపిల్లలే అనుకుంటే పొరపాటు. సాయంత్రం ఇకెబుకురోలో దిగాం. యానిమే సరుకులమ్మే 'యానిమేట్' దుకాణం 1983లో ఇక్కడే మొదలైంది. 2023లో దాని ప్రధాన దుకాణాన్ని ఇంకా పెంచి తెరిచారు. అందులో నూటికి ఎనభైమంది ఆడవాళ్ళే కనిపించారు నాకు. ఒకమ్మాయి భుజానికున్న సంచి నిండా ఒకే బొమ్మ హీరో బిళ్ళలు, ఒక్క వేలు పట్టే సందు లేకుండా! దాన్ని 'ఇతా-బ్యాగ్' అంటారట, అంటే 'నొప్పి సంచి'. చూసేవాళ్ళకి కళ్ళు నొప్పి, కొనేవాళ్ళకి పర్సు నొప్పి అని గైడుగారి వ్యాఖ్యానం.

వీళ్ళు కొనడంతో ఆగరు. నచ్చిన పాత్రలతో తమ సొంత కథలు అల్లి, బొమ్మలు గీసి, సొంత డబ్బుతో అచ్చేస్తారు. ఆ పుస్తకాలని 'దోజిన్‌షి' అంటారు. వాటి సంత పేరు కామికెట్. 1975 డిసెంబరు 21న మొదటి సంత జరిగినప్పుడు 32 బృందాలు, సుమారు 700 మంది జనం. వచ్చినవాళ్ళలో ఎక్కువమంది బళ్ళో చదివే ఆడపిల్లలే. 2019 డిసెంబరులో నాలుగు రోజుల సంతకి వచ్చినవాళ్ళు ఏడున్నర లక్షలు! అమ్మేవాళ్ళనీ కొనేవాళ్ళనీ కూడా అక్కడ ఒకే మాటతో పిలుస్తారు, 'పాల్గొనేవాళ్ళు' అని. ప్రేక్షకుడు అనే మాటే లేదు.

మన బొమ్మ, వాళ్ళ కేకలు

జపాన్ హాళ్ళలో సినిమా చూస్తుంటే చీమ చిటుక్కుమన్నా వినిపిస్తుంది. ఈలలూ లేవు, కాగితపు ముక్కలూ లేవు. అలాంటి చోట 1998లో రజనీకాంత్ తమిళ చిత్రం 'ముత్తు' షిబుయాలోని ఒక హాల్లో విడుదలై నెలల తరబడి ఆడింది. మా గైడుగారు ఆ హాల్లో నాలుగుసార్లు చూశారట. 2018లో 'బాహుబలి'కి ఏకంగా 'కేకల ఆట'లు వేశారు. అంటే అరవడానికి అనుమతి ఉన్న ఆటలన్నమాట! రాజమౌళి స్వయంగా వెళ్ళి చూసొచ్చారు. రంగు దీపపు కడ్డీలు ఊపుతూ, మాహిష్మతి వేషాలేసుకుని, గొంతులు పోయేదాకా జేజేలు కొట్టారు. "ఆట అయ్యాక?" అన్నాను. "కింద పడ్డవన్నీ ఏరుకుని, హాలు శుభ్రం చేసి వెళ్ళాం" అన్నారు, అదేం ప్రశ్నన్నట్టు.

ఆ తర్వాత 2022 అక్టోబరులో 'ఆర్.ఆర్.ఆర్' విడుదలైంది. ఎన్టీఆర్, రామ్‌చరణ్, రాజమౌళి టోక్యో వెళ్ళారు. ఇండియా చిత్రాల్లో 'ముత్తు' పేరనున్న 24 ఏళ్ళ వసూళ్ళ రికార్డు ఆ బొమ్మతో చెరిగిపోయింది. 2024 జనవరిలో, అందరూ స్త్రీలే నటించే తకరజుకా నాటక సంస్థ దాన్ని రంగస్థలం మీదికి తెచ్చింది. భీమ్ వేషం కూడా స్త్రీయే! మన హీరోల బొమ్మలు గీసి, మన కథకి కొనసాగింపులు అల్లి పుస్తకాలేసుకునే ఆడపిల్లలు ఇకెబుకురోలో ఉన్నారు. వాళ్ళు తెలుగు మాటలు నేర్చుకుంటున్నారని గైడుగారు చెబితే నాకు గర్వంతో పాటు కాస్త సిగ్గు కూడా వేసింది.

సిగ్గెందుకంటారా? చెబుతాను. మన తొలి టాకీ 'భక్త ప్రహ్లాద' 1932లో విడుదలైంది. ఈనాడు చూద్దామంటే దాని ప్రింటు లేదు. తొలి రోజుల బొమ్మలు ఎన్నో అలాగే పోయాయి. కొన్నిటికి మిగిలింది హాలు బయట అమ్మిన పాటల పుస్తకాలే. అవైనా ఎవరు దాచారు? ప్రొడ్యూసర్లు కాదు, స్టూడియోలూ కాదు. ఇంట్లో తిట్లు తింటూ, ట్రంకుపెట్టె అడుగున దాచుకున్న పిచ్చి అభిమానులు!

మన అభిమానానికి లోటు లేదు. కటౌట్‌కి పాలు పోస్తాం, పూలదండలేస్తాం, మొదటి రోజు మొదటి ఆటకి ప్రాణాలకు తెగించి దూరతాం. రెండో వారానికి కటౌట్ చిరుగుతుంది, పాలు మురుగులో కలుస్తాయి. టోక్యోలో నేను చూసిన అభిమానం వేరే రకం. అది తెలుసుకుంటుంది, దాస్తుంది, తన చేత్తో ఇంకోటి చేస్తుంది. దాని పేరుతో వ్యాపారులు జేబులు కొడుతున్న మాటా నిజమే. అయినా ముప్ఫై ఏళ్ళు నిందలు మోసి, ఒక దేశపు జ్ఞాపకాన్ని కాపాడింది ఆ అభిమానమే.

కనుక సోదర సోదరీమణులారా, మీ తాతగారి పెట్టెలో పాత పాటల పుస్తకం ఉంటే, మీ నాన్నగారి బీరువాలో అభిమాన సంఘం కరపత్రం ఉంటే, పాతపేపర్లవాడికి వెయ్యకండి. వెనకవైపు పెన్సిలుతో ఊరూ, హాలూ, సంవత్సరం రాసి భద్రం చెయ్యండి. ఇంట్లో ఎవరైనా పిచ్చి అంటే, "తమరు అలాగే అనుకోండి" అని మర్యాదగా చెప్పండి.

వచ్చేవారం మళ్ళీ తెర మీదివాళ్ళ కబుర్లలోకి వెళదాం. సెలవు!